మాస్టారి మూడు గంతులు

గుండుగొలను దగ్గర హైవే పక్కనున్న మధుబాబు షెడ్డులోకి కారు రావడం తేలికే గాని బయటికి పోవడం కష్టం. గాలి పట్టించుకోవడానికి వచ్చినా, హారన్ మోగడం లేదని వచ్చినా, ఆఖరికి ద్వారకాతిరుమలకి దారెటని అడగడానికి ఆగినా సరే, మధుబాబు చక్రాల ముందు గొంతుక్కూర్చుని నట్లు తడిమి చూస్తేగాని వదలడు.

చక్రం నిలబడేది ఆ నట్ల మీద కూడా కాదు, వాటి కింద ఉండే స్టడ్డుల మీద. చక్రం వెనక డ్రమ్ములోనో హబ్బులోనో దిగ్గొట్టి ఉండే వేలెడంత బోల్టులవి. వాటికి చక్రాన్ని తొడిగి పైన నట్లు బిగిస్తారు. కారు కొనేటప్పుడు మనవాళ్లు రంగు చూస్తారు, సీట్లు నొక్కి చూస్తారు, పాటలు పెట్టి వింటారు. ఇంటిల్లిపాది ప్రాణాలూ మోసే ఆ నాలుగు బోల్టుల మొహం మాత్రం ఒక్కడూ చూడడు. మధుబాబుకి ఒళ్లు మండేది అక్కడే.

మండినా గోదావరి జిల్లా మనిషి కాబట్టి గొంతు పెంచడు. ఎంత చేదు మాటకైనా చివర 'అండి' తగిలించి చేతిలో పెడతాడు. ఓసారి ఏలూరు నుంచి ఒక పెద్దాఫీసరు తొందరలో ఉన్నానని విసుక్కుంటే, "ఏవండీ, ఏమీ అనుకోకండి. ఈ చక్రంతో మీరు భీమడోలు చేరరండి. చక్రం చేరుద్దండి, మీరే చేరరండి" అని వినయంగా మనవి చేశాడు. ఆఫీసరు కిక్కురుమనకుండా దిగి, ప్లాస్టిక్ కుర్చీలో గంటసేపు కూర్చున్నాడు. పెళ్లికారైనా, పార్టీ జెండా కట్టిన కారైనా అక్కడ అదే వరస. తాడేపల్లిగూడెంలో పదేళ్లు పని నేర్చుకుని సొంత షెడ్డు పెట్టిన దగ్గర్నుంచీ మధుబాబు ఎవరి మొహమాటానికీ లొంగలేదు.

అంత నిక్కచ్చి మనిషి, ఒకే ఒక్క కారు విషయంలో ఆరేళ్లుగా అబద్ధమాడుతున్నాడు. ఆ కారు శామ్యూల్ మాస్టారిది.

శామ్యూల్ మాస్టారు దెందులూరు హైస్కూల్లో పాతికేళ్లు ఫిజికల్ సైన్సు చెప్పి రిటైరయ్యారు. సన్నగా, నిటారుగా, ఇస్త్రీ చొక్కాలో ఉంటారు. రిటైరైన డబ్బుతో పాత తెల్లకారొకటి కొన్నారు. ఆయనకి దేవుడి మీద నమ్మకముంది, భార్య విక్టోరియాగారి వంట మీద నమ్మకముంది గాని, ఇంకొకరు బిగించిన నట్టు మీద బొత్తిగా నమ్మకం లేదు. కారు షెడ్డు నుంచి ఇంటికి చేరగానే చొక్కా విప్పి చిలక్కొయ్యకి తగిలించి, వీల్ పానా బయటికి తీస్తారు. పానాకి రెండడుగుల ఇనపపైపు తొడుగుతారు. విక్టోరియాగారు వచ్చి భుజం ఇచ్చి నిలబడతారు. మాస్టారు ఆ భుజం పట్టుకుని, పైపు మీదికెక్కి, డ్రిల్లు పీరియడ్లో లాగా లెక్కపెట్టుకుంటూ ఒక్కో నట్టుకి మూడు గంతులు వేస్తారు. నాలుగు చక్రాలు, పదహారు నట్లు, నలభై ఎనిమిది గంతులు. వీధిలో వాళ్లకి అదొక కాలక్షేపం. దిగి చెమట తుడుచుకుంటూ, "బిగింపులో రాజీ పడకూడదు విక్టోరియా" అంటారు. ఆవిడ కూడా భుజం తుడుచుకుంటూ, "ఆయ్, నిజమేనండి" అంటారు.

అలా గంతులేస్తే స్టడ్డు ఏమవుతుంది? సాగుతుంది. ఇనుము సాగడమేమిటని మనం అనుకుంటాం గాని, సాగుతుంది. నడుము దగ్గర సన్నబడుతుంది. పైకి మాత్రం గట్టిగా బిగుసుకున్నట్టే ఉండి, ఒకనాడు నడిరోడ్డు మీద పుటుక్కుమంటుంది. ఈ సంగతి మధుబాబు మొదటిసారి ఆ కారు చక్రం విప్పినప్పుడే కనిపెట్టాడు. కొత్త నట్టు తీసుకుని వేళ్లతో తిప్పితే, చివరిదాకా జారిపోవాల్సింది సగంలోనే పట్టేసింది. ఆఫీసరుకి చెప్పినట్టే చెబుదామని నోరు తెరిచాడు. ఎదురుగా శామ్యూల్ మాస్టారు చేతులు వెనక్కి కట్టుకుని, క్లాసులో నిలబడినట్టే నిలబడి ఉన్నారు. తెరిచిన నోరు మూతపడిపోయింది.

దానికో చరిత్ర ఉంది. పదో తరగతిలో మాస్టారు స్థితిస్థాపకత పాఠం చెబుతూ, ప్రయోగానికని మధుబాబు కొత్త పెన్ను అడిగి తీసుకున్నారు. లోపలి స్ప్రింగు బయటికి తీసి, కొంచెం లాగి వదిలితే వెనక్కి వెళ్లిందని చూపించారు. మరీ లాగి వదిలితే వెళ్లలేదని కూడా చూపించారు. క్లాసంతా ఆహా అంది. మధుబాబు మాత్రం పాడైపోయిన పెన్ను వైపు చూస్తూ ఉండిపోయాడు. మర్నాడు మాస్టారు స్థితిస్థాపక అవధి అంటే ఏమిట్రా అని అడిగితే వాడికి నోట మాట రాలేదు. "చెయ్యి చాపు" అన్నారు మాస్టారు. చాపాడు. ఆ బెత్తం దెబ్బ ఎప్పుడో చల్లారింది గాని, ముప్పై ఆరేళ్లు వచ్చి, మీసం గుబురుగా పెరిగి, ఊళ్లో నలుగురి చేతా 'గారూ' అనిపించుకుంటున్నా, ఆయన ఎదురుగా మాట్లాడాలంటే మధుబాబుకి ఇప్పటికీ అరచెయ్యి జివ్వుమంటుంది. పాఠం చెప్పిన మనిషికి మీరు చేసేది తప్పండీ అని చెప్పడం ఎలా? మన ఊళ్లలో చదువు రాకపోయినా తప్పులేదు గాని, మాస్టారికి ఎదురు చెప్పడం తప్పు.

అందుకని దొడ్డిదారి పట్టాడు. మూణ్ణెల్లకోసారి మాస్టారు ఆయిలు మార్పించుకోవడానికో, గాలి చూపించుకోవడానికో వస్తారు కదా. ఆయన చూడకుండా సాగిన స్టడ్డులు కొట్టేసి, కొత్తవి వేసేస్తాడు. చూడకుండా ఉంచే పని అతని భార్య బిందుది. షెడ్డు వెనకే ఇల్లు. మాస్టారి కారు ఆగగానే బిందు మజ్జిగ గ్లాసుతో వచ్చి, "మాస్టారూ, ఆకాశం నీలంగా ఎందుకుంటుందండీ?" అని అడుగుతుంది. అంతే, మాస్టారు మైమరచిపోతారు. బిందుని గుమ్మంలో కూర్చోబెట్టి కాంతి కిరణాలు, గాలి అణువులు, పరిక్షేపణం అంటూ ముప్పావుగంట అనర్గళంగా చెబుతారు. ఈలోగా మధుబాబు పని కానిచ్చేస్తాడు. ఆరేళ్లలో ఇరవై నాలుగుసార్లు విన్నా బిందుకి ఆకాశం ఎందుకు నీలంగా ఉంటుందో అర్థం కాలేదు. ఆ అమ్మాయికి తెలివి కాస్త తక్కువని మాస్టారికి జాలి కూడా వేసింది.

"ఏవండీ, ఇంకెన్నాళ్లు నన్నిలా మొద్దుని చేస్తారండీ? ఆ పాఠం నేనే చెప్పేయగలను ఇప్పుడు" అని బిందు మొగుణ్ణి సాధిస్తూనే ఉంది. "ఈ ఒక్కసారికీ కానీ" అని అతను ప్రతిసారీ బతిమాలుకుంటూనే ఉన్నాడు.

మొన్న ఒక శనివారం పొద్దున్నే తెల్లకారు వచ్చి ఆగింది. మాస్టారు దిగారు. విక్టోరియాగారు వెనకసీట్లో పాటల పుస్తకం తిరగేస్తూ కూర్చున్నారు. బిందు మజ్జిగ తెచ్చి ఆకాశం ఎత్తింది. మాస్టారు గుమ్మం వైపు నడిచారు. మధుబాబు జాకీ ఎత్తి, వెనక ఎడమ చక్రం నట్టుకి పానా తగిలించి కొంచెం నొక్కాడో లేదో, పుటుక్కుమంది. నట్టుతోపాటు సగం స్టడ్డు ఊడి చేతిలోకి వచ్చింది. మిగతా మూడూ చూస్తే, రెండు ఇవాళో రేపో అన్నట్టున్నాయి. నలుగురు మోయాల్సిన బరువు ఒక్కడే మోస్తున్నాడన్నమాట. గబగబా చక్రం తీసి, డ్రమ్ము ఊడదీసి, నాలుగింటినీ సుత్తితో వెనక్కి కొట్టేసి, కొత్తవి వేయడం మొదలుపెట్టాడు.

అదే ఎప్పటిలా సాగిపోయేదే. కానీ గుమ్మంలోంచి మాస్టారి గొంతు వినిపించింది.

"రేపు ముదినేపల్లిలో కొత్త చర్చి ప్రతిష్ఠ అమ్మా. కొల్లేరు మీదుగా పోవాలి. క్వైరులో పాడే ఆడవాళ్లు ముగ్గురు మా బండిలోనే. బరువెక్కువ కదా, అందుకని ఈ రాత్రికి నట్టుకి మూడు కాదు, ఆరు గంతులు వేద్దామనుకుంటున్నాను. పైపు కూడా కొత్తది కొన్నాను. నాలుగడుగులది."

మధుబాబు చేతిలో సుత్తి ఆగిపోయింది. ఇప్పుడు తను దేవలోకం నుంచి స్టడ్డులు తెప్పించి వేసినా లాభం లేదు. నాలుగడుగుల పైపు మీద ఆరు గంతులంటే, తెల్లారేసరికి అవి సాగి ఊరుకోవు, తెగడానికి సిద్ధమైపోతాయి. అతనికి కొల్లేటి రోడ్డు కళ్ల ముందు మెదిలింది. రెండువైపులా నీళ్లు, ఎదురుగా చేపల లారీలు, మధ్యలో పాడుకుంటూ పోయే తెల్లకారు, దాన్ని దాటుకుని ముందుకి దొర్లిపోయే వెనక ఎడమ చక్రం. విక్టోరియాగారు వెనకసీట్లో రేపటి పాట సన్నగా అందుకున్నారు. ఆ గొంతు వినేసరికి అతనికి నిజంగా భయం వేసింది.

ఇవాళ చెప్పాల్సిందే. చెప్పకపోతే పాపం తనది. లేచి గుమ్మం దగ్గరికి వెళ్లాడు. "మాస్టారూ" అన్నాడు.

"ఏంట్రా?"

అరచెయ్యి జివ్వుమంది. ఆఫీసర్లకీ పెళ్లికొడుకులకీ ధారాళంగా చెప్పిన ముక్క గొంతులోనే అతుక్కుపోయింది. దిక్కుతోచక బిందు వైపు చూశాడు. బిందు ఖాళీ మజ్జిగ గ్లాసు పట్టుకుని, నావల్ల కాదు బాబూ అన్నట్టు ఆకాశం వైపు చూసింది. ఆ చూపుతో అతనికి దారి దొరికింది. మాస్టారికి తప్పు చెప్పకూడదు గాని, డౌటు అడగొచ్చు కదా!

"నాదో డౌటండి" అన్నాడు మధుబాబు చేతులు కట్టుకుని. "స్థితిస్థాపక అవధి అంటే ఏంటండీ?"

మాస్టారి మొహం వెలిగిపోయింది. ఇరవయ్యేళ్ల తర్వాత వెనక బెంచీ నోరు విప్పింది మరి! "కూర్చోరా, కూర్చో. ఏ వస్తువునైనా సాగదీసి వదిలితే తన పూర్వస్థితికి వస్తుంది. కానీ దానికో హద్దుంది. ఆ హద్దే స్థితిస్థాపక అవధి. అది దాటి లాగావో, ఇక వెనక్కి రాదు. అలాగే సాగి ఉండిపోతుంది. ఇంకా లాగితే తెగుతుంది. నీకు పెన్ను స్ప్రింగుతో చూపించాను, గుర్తుందా?"

"ఆయ్, పెన్ను గుర్తుందండి. స్ప్రింగుకేనాండీ, బోల్టుక్కూడానాండీ?"

"ఏ ఘనపదార్థానికైనా అంతే! ఉక్కుకైనా అంతే!"

మధుబాబు జేబులోంచి రెండు స్టడ్డులు తీసి, మాస్టారి అరచేతిలో పక్కపక్కనే నిలబెట్టాడు. ఒకటి కొత్తది, ఒకటి ఆ కారులోంచి తీసింది. పాతది కొత్తదానికంటే బియ్యపుగింజ మందం ఎక్కువ పొడుగుంది. నడుము సన్నబడింది. పక్కనే విరిగిన ముక్క పెట్టాడు. మాస్టారు కళ్లజోడు తీసి తుడిచి, మళ్లీ పెట్టుకుని చూశారు.

"ఎవడ్రా దీన్ని ఇంతలా సాగదీసిన దద్దమ్మ?"

కార్లోంచి పాట ఆగింది. "ఇంకెవరండీ? నా భుజం పట్టుకుని గంతులేసింది మీరేగా" అన్నారు విక్టోరియాగారు నెమ్మదిగా.

మాస్టారు పాత స్టడ్డు నడుము మీద వేలు పెట్టి తడిమి చూశారు. పాతికేళ్లు పిల్లలకి చెప్పిన పాఠం, తన అరచేతిలోనే ఉంది. మొహం చిన్నబోయింది. అది చూడలేక మధుబాబు తల దించుకున్నాడు.

"ఎన్నాళ్ల నుంచి మారుస్తున్నావురా?"

"నాకు ఆకాశం డౌటు వచ్చినప్పట్నుంచండి" అంది బిందు. అని, ఇక ఆగలేక ఫక్కున నవ్వింది. లోపల విక్టోరియాగారు కూడా పాటల పుస్తకం మొహానికి అడ్డం పెట్టుకున్నారు.

మాస్టారు నవ్వలేదు. "ఆరేళ్లు తెలిసి తెలిసి నా దగ్గర దాచావన్నమాట" అన్నారు. గొంతు మారిపోయింది. అచ్చంగా పదో తరగతి గొంతు. "చెయ్యి చాపు."

మధుబాబు చాపాడు. ఆలోచించే వ్యవధే లేదు, చెయ్యి దానంతటదే చాచుకుంది. మాస్టారు విసవిసా వెళ్లి డిక్కీ తెరిచి, కొత్త ఇనపపైపు బయటికి లాగారు. నాలుగడుగులది. "అయ్యో, ఏవండీ!" అంటూ విక్టోరియాగారు కారు దిగబోయారు. బిందు నవ్వు ఎగిరిపోయింది. మధుబాబు కళ్లు గట్టిగా మూసుకున్నాడు.

అరచేతిలో చల్లగా, బరువుగా ఏదో ఆనింది. కళ్లు తెరిచాడు. మాస్టారు పైపుని అతని చేతిలో పెట్టి, ఒక్కో వేలూ తనే మడిచి పట్టిస్తున్నారు.

"ఇది నీ దగ్గరుంచరా. నా దగ్గరుంటే మళ్లీ ఎక్కుతాను" అన్నారు. తర్వాత మధుబాబుని వెంటబెట్టుకుని చక్రం దగ్గరికి నడిచి, ఇస్త్రీ చొక్కాతోనే అతని పక్కన గొంతుక్కూర్చున్నారు.

మధుబాబు కొత్త స్టడ్డుల మీదికి చక్రం తొడిగి, నట్లు వేళ్లతో ఎక్కించి, పాత లుంగీలో చుట్టి దాచుకున్న టార్క్ రెంచి తీశాడు. ఎంత బిగించాలో దానికి ముందే చెప్పి పెడితే, అంతవరకు వచ్చి టిక్కుమంటుంది.

"నాకూ ఒక డౌటు రా" అన్నారు మాస్టారు మెల్లిగా. "ఎంత బిగిస్తే చాలు?"

మధుబాబు రెంచిని ఆయన చేతికే ఇచ్చి, నట్టు చూపించాడు. మాస్టారు రెండు చేతులతో నెమ్మదిగా లాగారు. టిక్కుమంది. అలవాటు కొద్దీ ఆయన భుజాలు ఇంకొంచెం ముందుకి వంగాయి.

"చాలండి మాస్టారూ" అన్నాడు మధుబాబు.

మాస్టారు వెంటనే చెయ్యి తీసేశారు.