గుట్ట మీదికి నెట్టిన చప్పుడు

బొంతపల్లి నుంచి బొల్లారం పోయే దిక్కున ఊదులపల్లి అనే ఊరు మీకు ఏ మ్యాపులోనూ దొరకదు. దొరక్కపోయినా ఫర్వాలేదు, చెవులుంటే చాలు. అక్కడి వాగులో ఇసుక మీద కాలు పెడితే కుక్కపిల్లలా కుయ్యిమంటుంది. ఎండాకాలం సాయంత్రాలు బండలు చల్లబడుతూ, పల్లికాయలు ఒలుస్తున్నట్టు టకటకమంటాయి. ఇక ఊరి వెనక గుట్ట. దాని మీద ఒకదానిపై ఒకటి కూర్చున్న మూడు బండల సందులోకి పడమటి గాలి దూరితే గుట్ట మొత్తం ఊఁ అని పలుకుతుంది. ఖాళీ సీసా మూతి దగ్గర ఊదినట్టు ఉంటుంది, కాకపోతే ఆ సీసా ఊరంత పెద్దది.

గుట్ట పలికితే ఎవరి చేతిలో ఏముంటే అది కింద పెట్టి, నేల మీద కూర్చుని, అది ఆగేదాకా నోరు మూసుకోవాలి. అది తాతల నాటి పద్ధతి. ఎందుకని అడిగితే, పెద్దోళ్ళు మాట్లాడుతుంటే మధ్యలో దూరుతామా అని మన మీదే కోప్పడతారు. ఆ పలుకు మహా అయితే ఒక చుట్ట కాలేంత సేపు.

ఈ పలుకులు బాగా తెలిసిన మనిషి మా మొగులమ్మత్త. అరవై దగ్గర పడింది. కూలికి పోయినన్నాళ్ళు గుట్టను విని విత్తనం ఎప్పుడు వేయాలో ఊరికి చెప్పేది. పొలాలు పోయి మందుల కంపెనీ వచ్చాక అదే జాగాలో చీపురు పట్టింది. పోయినేడు నేను గుట్టెక్కి ఇనుప పైపులో ఊది ఊరంతటినీ కూర్చోబెట్టాను. సర్పంచ్ కూడా సగం గీసిన గడ్డంతో కూర్చున్నాడు. అత్త ఒక్కతే బియ్యం చెరుగుతూనే ఉంది. నేను దిగి వచ్చాక చాట పక్కన పెట్టి, "జెర దమ్ము పెంచుకో అల్లుడా. గుట్టకు దగ్గు రాదు" అంది.

అలాంటి మనిషికి ఈ ఎండాకాలం అన్యాయం జరిగింది. కంపెనీవాళ్ళు కప్పు మీద బ్లోయర్ అనే పెద్ద ఫ్యాను బిగించారు. అది మొదలైన పొద్దున ఊరంతా పద్ధతి ప్రకారం కూర్చుంది. కూర్చునే ఉంది. పొయ్యి మీద పప్పు మాడింది, షిఫ్టు బస్సు ఖాళీగా పోయింది. మధ్యాహ్నం డ్యూటీ దిగి వచ్చిన అత్త, రేకుల మోతకు కూడా మొక్కుతారా అని అందరినీ తిట్టి లేపింది.

రెండు నెలలు ఆ మోత ఆగలేదు. మృగశిర దగ్గర పడుతున్నా, దాని కింద గుట్ట పలుకుతుందో లేదో ఎవరికీ తెలియలేదు. అత్త పోరు పెట్టి ఊరి చేత అర్జీ ఇప్పించింది. చప్పుడు కొలిచే మీటరు పట్టుకుని పొల్యూషన్ బోర్డు నుంచి ఒక సారు వచ్చాడు.

మేనేజర్ నరసరాజు ఆయనకు చాయ్ తాగించి, మా గుట్ట గురించి పేపర్లో పడిన ముక్క చూపించాడట. తర్వాత ఊరివాళ్ళనూ పనివాళ్ళనూ గేటు దగ్గరికి పిలిచారు. సారు రిపోర్టు చదివాడు. ఈ ప్రాంతం వింత శబ్దాలకు పేరుమోసిందట. వినబడేది గుట్ట సహజ శబ్దమేనట. కంపెనీకి సంబంధం లేదట. కింద మేము సంతకాలు పెడితే ఫైలు మూసేస్తారట.

నాకు ఒళ్ళు మండింది. మా గుట్ట పేరు దొంగిలించి ఫ్యానుకు పెట్టడమే కాక, ఆ దొంగతనానికి మా చేతనే ముద్ర వేయించుకుంటారా? ఫైలు మూస్తే ఆ ఫ్యాను ఇక ఆగదు. అత్త బతికుండగా మళ్ళీ గుట్టను వినదు. నేను నోరు తెరిచేలోపే అత్త చీపురుతో ముందుకొచ్చింది.

"గుట్టదేనా సారూ?"

"గుట్టదే అమ్మా."

"మంచిగ సూసి చెప్పుండ్రి."

"మీటర్ పెట్టే చూశాను కదమ్మా."

"నరసరాజు సారూ, మీరేమంటరు?"

"గుట్టదే మొగులమ్మా. ఇక సంతకాలు కానివ్వండి."

అత్త చీపురు కింద పెట్టింది. నేల మీద కూర్చుంది.

అందరికంటే ముందు ఆమె కోడలు సునందకు అర్థమైంది. ప్యాకింగ్ టోపీ తీసి అత్త పక్కన చేరింది. తర్వాత కంపెనీలో పనిచేసే ఊదులపల్లివాళ్ళు ఇరవై ఆరుగురూ కూర్చున్నారు. లోడింగ్ ఆగింది. గేట్లో రెండు లారీలు అడ్డంగా నిలిచాయి. బీహార్ నుంచి వచ్చిన హమాలీలు సంగతి కనుక్కుని, పహాడ్ మాట్లాడుతోందట అని చెప్పుకుంటూ బీడీలు ఆర్పి మరీ కూర్చున్నారు. నరసరాజు అరిచాడు, బతిమాలాడు. ఎవరూ జవాబివ్వలేదు. గుట్ట పలికినంతసేపు మాట్లాడకూడదు కదా. ఆయన మరీ మీదికొస్తే సునంద వేలెత్తి గుట్టను చూపించింది, అంతే.

గంట గడిచింది. హెడ్డాఫీసు నుంచి మూడోసారి ఫోన్ వచ్చాక నరసరాజు చెమట తుడుచుకున్నాడు.

"అది గుట్ట కాదు. మా బ్లోయరే. లేవండి, దండం పెడతా."

అత్త లేవలేదు. సారు చేతిలో కాగితం వైపు చూసింది. ఆయన పెన్ను తీసి గుట్ట అన్నచోట కొట్టేసి, బ్లోయర్ అని రాసి, నరసరాజు చేత సంతకం చేయించాడు. పైకి చదవమని సునంద సైగ చేస్తే చదివాడు. అప్పుడు నరసరాజు ఫ్యాను ఆపించాడు.

రెండు నెలల తర్వాత చెవులు ఖాళీ అయ్యాయి. గుట్ట మాత్రం పలకలేదు. అంత అవమానంలోనూ నరసరాజుకు అదొక్కటి దొరికింది.

"ఏదీ మొగులమ్మా, మీ గుట్ట?"

"అది మీ దగ్గర డ్యూటీ చేస్తలేదు సారూ" అని అత్త చీపురు అందుకుంది.

ఆ తర్వాత ఫ్యాను చుట్టూ డబ్బా కట్టారు. గాలి వీచే మధ్యాహ్నాలు దాన్ని ఆపుతున్నారు. సిగ్గు మాత్రం రాలేదు. వారం తిరక్కుండానే అత్తకు మెమో ఇచ్చారు, డ్యూటీలో పని ఆపి కూర్చున్నందుకు సంజాయిషీ రాసివ్వాలని. నేనైతే నాలుగు పేజీలు తిట్లు రాద్దును. అత్త ఆ మధ్యాహ్నమే సునందను కూర్చోబెట్టి చెప్పడం మొదలుపెట్టింది. మొదటి ముక్క రాస్తుండగా గుట్ట పలికింది. సునంద పెన్ను కింద పెట్టింది. అది ఆగేదాకా ఇద్దరూ కదల్లేదు. ఆగాక అత్త కొంగుతో కళ్ళు తుడుచుకుని, మిగతాది చెప్పి, వేలిముద్ర వేసింది.

"మీరు గుట్టదని చెప్పిండ్రు. మీ మాట నమ్మిన. తప్పైంది."