పొట్లం కాగితం మీది మాట

మలికిపురం సెంటర్లో నరసింహమూర్తి డాక్టరు గారి డిస్పెన్సరీకి వచ్చే జనంలో సగం మంది డాక్టరు గారి కోసం వచ్చేవాళ్ళు కాదు. ఆ సంగతి ఆయనకీ తెలుసు, పైకి అనేవారు కాదు. వాళ్ళకి కావలసింది కాంపౌండరు మాణిక్యాలరావు చేతి మందు. ఇంటి నుంచి కడిగి తెచ్చుకున్న సీసా కిటికీలోంచి అందించి, "మీ చేత్తోనే కలపండి కాంపౌండరు గారూ" అని ప్రాధేయపడేవారు. అరుగుదలకి ఎర్రది, కడుపుమంటకి తెల్లది, దగ్గుకి గోధుమరంగుది. ఎవరు కలిపినా అదే మందు, అదే కొలత. అయినా హస్తవాసి అనేదొకటుందని మనవాళ్ళ నమ్మకం. అన్ని రోగాలకీ మందుంది గానీ నమ్మకానికి లేదు.

మాణిక్యాలరావు చదువు పదో తరగతి. అదీ అక్క వీరాయమ్మ చలవే. తల్లి పోయేనాటికి అతనికి నాలుగేళ్ళు, అక్కకి పదహారు. పెళ్ళయిన ఆరేళ్ళకే మొగుణ్ణి పోగొట్టుకుని పుట్టింటికొచ్చిన వీరాయమ్మ, కొబ్బరిపీచు తాళ్ళు పేని తమ్ముణ్ణి చదివించింది. పేని పేని ఆవిడ అరచేతులు కొబ్బరి డొక్కల్లా మొద్దుబారిపోయాయి. తమ్ముడు కాంపౌండరైన రోజు నుంచీ ఆవిడ మరో మనిషి చేతి మందు మింగలేదు. "మా మాణిక్యం చేతిలో అమృతం ఉందే" అని పేట పేటంతా చెప్పుకునేది. అతనికి పెళ్ళయి వేరే ఇల్లు పెట్టుకున్నా, పొద్దున్నే అక్క గుమ్మం తొక్కి గానీ డిస్పెన్సరీకి వెళ్ళేవాడు కాదు.

మనిషికి ఒక గర్వం ఉండేది. పొట్లం కట్టడంలో అతన్ని మించినవాడు రాజోలు తాలూకాలోనే లేడని. న్యూస్‌పేపరు ముక్కలో కడితే మందుకి సిరా అంటుకుంటుంది. మందుల డబ్బాల్లో మడతపెట్టి వచ్చే పల్చటి తెల్లకాగితాలుంటాయి చూడండి, ఇంగ్లీషులో చీమల బారులా ఏదో రాసి, అవి అతను పారేసేవాడు కాదు. నాలుగేసి ముక్కలుగా కోసి దొంతర పెట్టుకునేవాడు. ముఖ్యంగా టైఫాయిడ్ కేప్సూల్స్ డబ్బాలో కాగితమంటే మహా ఇష్టం. దాని నడుమ నల్లగీతల చట్రంలో నాలుగు వాక్యాలు లావు అక్షరాలతో ఉండేవి. ఆ చట్రం సరిగ్గా పైకి వచ్చేలా మడిస్తే పొట్లానికి ముద్ర కొట్టినట్టు ఎంతో అందంగా ఉండేది. ఆ కాగితం ఎప్పుడూ ఆ కేప్సూల్స్‌కే వాడేవాడు. అందులో 'డిస్క్రేసియా' అన్న మాట రోజూ కళ్ళబడేది. చదవడం వచ్చు, కూడబలుక్కుని. అర్థం ఏమిటని ఎన్నడూ అనుకోలేదు. కాగితం పొట్లానికి పనికొచ్చింది, చాలదూ?

తొంభై ఆరు నవంబరు తుఫాను కొబ్బరి తోటల్ని నేలమట్టం చేసి పోయాక, నూతుల్లో నీళ్ళు పాడై ఇంటింటా జ్వరాలు మొదలయ్యాయి. డిస్పెన్సరీ ముందు తెల్లారకుండానే వరస. డాక్టరు గారు టైఫాయిడ్ అని తేల్చుకుంటే గానీ ఆ కేప్సూల్స్ రాసేవారు కాదు, రాస్తే పద్నాలుగు రోజులూ వాడమనేవారు. వీరాయమ్మకీ జ్వరం వచ్చింది. "ఆ వరసలో నేను నిలబడలేనురా, నువ్వే ఏదో ఒకటి తెచ్చియ్యి" అంది. డాక్టరు గారితో ఒక్క మాటైనా చెప్పకుండా మాణిక్యాలరావు ఆ కేప్సూల్సే పట్టుకెళ్ళాడు, నల్లచట్రం పైకి వచ్చేలా కట్టి. రెండు రోజుల్లో ఆవిడ లేచి తాడు పేనుకుంటోంది.

పనిచేసిన మందుని ఎవరు మారుస్తారు? సంక్రాంతి వెళ్ళాక ఒళ్ళు వెచ్చబడితే మళ్ళీ అదే. శివరాత్రికి జలుబు చేస్తే అదే. తగ్గగానే ఆవిడ మానేసేది, అతను తెచ్చేది మాత్రం పూర్తి పొట్లాలు. మిగిలినవి ఏమవుతున్నాయని అతనూ అడగలేదు.

ఉగాది దాటాక వీరాయమ్మ చేతుల మీద నీలం మచ్చలు కనిపించాయి.

"ఏంటక్కా ఇవి?"

"తాడు ఒరుసుకుందిలేరా."

తరవాత కచ్చికతో పళ్ళు తోముకుంటుంటే చిగుళ్ళలోంచి రక్తం. ఆవిడ కచ్చిక గరుగ్గా ఉందంది. మే నెలలో ఒక ఉదయం పీచు మోపు ఎత్తబోయి అక్కడే కూలబడింది. నరసింహమూర్తి గారు కనురెప్ప కిందికి లాగి చూసి, "కాకినాడ తీసికెళ్ళు మాణిక్యాలరావ్, ఇవాళే" అన్నారు.  ఆయన అంత క్లుప్తంగా చెబితే భయపడాలని అతనికి పాతికేళ్ళ అనుభవం.

ఎదుర్లంక రేవులో పంటు ఎక్కి గోదారి దాటుతుంటే, అక్క అతని భుజం మీద తల ఆన్చి నీళ్ళకేసి చూసింది. "చిన్నప్పుడు నిన్ను పంటెక్కిస్తే ఏడిచి చంపేవోడివిరా" అంది. ఇప్పుడూ అతనికి ఏడుపొస్తోంది. గోదారి గాలికి కళ్ళు మండుతున్నాయన్నట్టు తుడుచుకున్నాడు.

కాకినాడ ఆసుపత్రిలో ఒక డాక్టరమ్మ రక్తం పరీక్షలు చేయించింది. నడుం వెనక ఎముకలోకి సూది దింపి లోపలి మూలుగ కూడా తీశారు. ఆ తరవాత అడిగింది: "ఈ ఆరు నెలల్లో ఏమేం మందులు వాడేరమ్మా?"

వీరాయమ్మ మంచం మీంచే మెడ నిక్కించింది. "మా తమ్ముడిచ్చినవేనండి. కాంపౌండరండి ఆడు. ఆడి చేతి మందు తప్ప నేను ఎరగనండి."

డాక్టరమ్మ అతనికేసి తిరిగింది. "ఏ మందులు?"

"తలనొప్పి మాత్రలండి, మామూలువి" అన్నాడు మాణిక్యాలరావు. డాక్టరు గారికి చెప్పకుండా ఇచ్చానని బయటపడుతుందనే భయం, అంతే. ఆ క్షణానికి అతనికి అంతకంటే పెద్ద భయం తెలియదు. డాక్టరమ్మ చీటీ మీద ఏదో రాసుకుని పోయింది. మంచానికి తగిలించిన ఆ చీటీలో 'బ్లడ్' పక్కన 'డిస్క్రేసియా' అన్న మాట చూసి అతను నిలువునా ఆగిపోయాడు. రోజూ బస్టాండులో ఎదురుపడే మనిషి, పేరైనా అడగని మనిషి, ఒకనాడు తిన్నగా మన ఇంట్లోకి వచ్చి కూర్చుంటే ఎలా ఉంటుందో అలా ఉంది.

డాక్టరమ్మనే అడగొచ్చు. అడిగితే ఆవిడ తిరిగి ఏమడుగుతుందోనని అడగలేదు. మర్నాడు వేరే బట్టలు తెస్తానని చెప్పి బయల్దేరి, మలికిపురంలో డిస్పెన్సరీ దొంతరలోంచి ఒక కాగితం జేబులో పెట్టుకుని, రాజోలులో వెంకటరాజు మాస్టారింటికి వెళ్ళాడు. రిటైరైన ఇంగ్లీషు మాస్టారు. ఇటుకంత డిక్షనరీ ఉన్న ఇల్లు చుట్టుపక్కల అదొక్కటే.

మాస్టారు కళ్ళజోడు సర్దుకుని పేజీలు తిప్పారు. మాట దొరికేసరికి ఆయన మొహం వెలిగింది. పాఠం చెప్పి ఎన్నేళ్ళయిందో పాపం.

"డిస్క్రేసియా. గ్రీకు మాటయ్యా ఇది. చెడ్డ కలయిక అని అర్థం. కలవాల్సినవి కలవాల్సిన పాళ్ళలో కలవకపోవడం. పూర్వం వాళ్ళు ఒంట్లో నాలుగు రసాలుంటాయని, అవి సమంగా కలిసుంటే ఆరోగ్యమని, కలయిక చెడితే రోగమని అనుకునేవారు. మనకి వాతం, పిత్తం, కఫం లేవూ? అలాగన్నమాట."

"ఇప్పుడు ఎక్కడ వాడతారండి ఈ మాట?"

"ఎక్కడబడితే అక్కడ వాడేది కాదు. పులుసులో ఉప్పెక్కువైతే డిస్క్రేసియా అనరు. మీ ఎర్ర మిక్స్చరు పాళ్ళు తప్పినా అనరు. ఆ నాలుగు రసాల నమ్మకం ఎప్పుడో పోయింది, మాట మాత్రం డాక్టర్ల దగ్గర మిగిలింది. అదీ రక్తానికే. రక్తంలో ఉండాల్సినవి ఉండాల్సినట్టు లేకపోతే అప్పుడంటారు. ఇంతకీ ఎవరికి?"

"ఎవరికో లెండి." మాణిక్యాలరావు జేబులోంచి కాగితం తీశాడు. "ఈ నల్లగీతల మధ్యది కాస్త చదివి పెట్టండి."

మాస్టారు మొదట తనలో తాను చదువుకున్నారు. తరవాత తెలుగులో, పిల్లలకి చెప్పినట్టు నిదానంగా చెప్పారు. ఈ మందు వాడిన కొందరిలో రక్తానికి తీవ్రమైన డిస్క్రేసియాలు వచ్చి ప్రాణాలు పోయాయి. వాడాక నెలలకి కూడా రావచ్చు. తప్పనిసరైన రోగానికే వాడాలి, జలుబు లాంటి చిన్నా చితకా వాటికి వాడరాదు.

"చాలా స్పష్టంగా రాసేరయ్యా, గీతలు గీసి మరీను. ఎవరు చదువుతారు గానీ" అన్నారు మాస్టారు, కాగితం తిరిగిస్తూ.

రాజోలు నుంచి మళ్ళీ కాకినాడ దాకా అతను ఎలా వెళ్ళాడో అతనికే తెలియదు. జలుబుకి ఇచ్చాడు. శివరాత్రి నాటి జలుబుకి. వద్దు అన్న మాటని అందంగా మడిచి, పైకి కనబడేలా కట్టి మరీ ఇచ్చాడు.

అక్కకి రక్తం ఎక్కించారు. ఒక సీసా అతనిదే. డాక్టరమ్మకి నిజం చెప్పాడు ఆ సాయంత్రమే, తలెత్తకుండా. ఆవిడ తిట్టలేదు. లక్షల మంది వాడితే ఏ ఒక్కరికో ఇలా అవుతుందని, ఎవరికవుతుందో ముందు తెలియదని, ఇంక చేయగలిగింది తక్కువని చెప్పింది. తిట్టి ఉంటే కాస్త తేలిగ్గా ఉండేదేమో.

చెప్పాల్సింది ఇంకొకరికుంది. జూన్ మొదటి వారంలో, అక్క మాట అప్పటికే నూతిలోంచి వచ్చినట్టయింది, అతను మంచం దగ్గర వంగి, "అక్కా, నేనిచ్చిన ఆ మాత్రలు..." అన్నాడు.

ఆవిడ కళ్ళు తెరిచింది. "తెచ్చేవా? ఈళ్ళ మందు నాకు పడట్లేదురా. నీ చేత్తో రెండు ఎయ్యి, తగ్గిపోద్ది."

అతను గ్లాసులో మంచినీళ్ళు పోసి, కాస్త పంచదార కలిపి, చెంచాతో పోశాడు. "ఆఁ, ఇదీ మందంటే" అంది వీరాయమ్మ. మూడో రోజు పోయింది.

పెద్దకర్మ అయ్యాక అక్క సామాను సర్దుతుంటే, అటక మీద పాలపొడి డబ్బా దొరికింది. మూత తీస్తే లోపల అతని పొట్లాలు, వరసగా పేర్చి, నల్లచట్రాలు పైకి. మిగిలిన మందు పారెయ్యడం మన ఇళ్ళలో అన్నం పారెయ్యడంతో సమానం కదా. ఆవిడ వేసుకున్నవి పోను ఉండాల్సిన వాటిలో సగమే ఉన్నాయి. ఆ మిగతా సగం ఏమైందని అనుకుంటూనే పక్కింటికి పరిగెత్తాడు.

పక్కింటి అన్నపూర్ణ అరుగు మీద బియ్యం చెరుగుతోంది.

"అన్నపూర్ణమ్మ గారూ, మా అక్క మీకేమన్నా పొట్లాలిచ్చిందా?"

"ఆయ్, ఇచ్చిందండి. కాకినాడ ఎల్లే రోజున, 'జ్వరాలొస్తే ఎయ్యండొదినా, మా తమ్ముడి చేతివి' అని నాలుగు చేతిలో పెట్టింది మహాతల్లి. మొన్న మా కోడలు కుసుమకి ఒళ్ళు కాలిపోతంటే నాలుగు మాత్రలేసేనండి. పొద్దున్నకి మంచులా చల్లబడిపోయింది."

కొత్తకోడలు తలుపు చాటు నుంచి చూసి నవ్వింది. పంతొమ్మిదేళ్ళుంటాయేమో.

"మిగిలినవి ఇచ్చెయ్యండమ్మా." మాణిక్యాలరావు చేతులు జోడించాడు. "మా అక్క వాటివల్లే పోయింది. నేనే ఇచ్చేను. నేనే చంపుకున్నానండి మా అక్కని. ఆ కాగితం మీదే రాసుంది."

అన్నపూర్ణ చేట పక్కన పెట్టి లేచి వచ్చింది. ఆవిడ కళ్ళలో నీళ్ళు. "ఊరుకోండి బాబూ. తల్లిలాంటి అక్క పోతే మనిషి అలాగే అంటాడండి. మీ హస్తవాసి మాకు తెలీదా? అవి మాత్రం అడక్కండి, మీ అక్క గుర్తుగా ఉంచుకున్నాను."

ఎంత బతిమాలినా ఇవ్వలేదు. ఆ రోజు నుంచి అతను పొద్దున్నే అక్క గుమ్మం తొక్కడానికి బదులు పక్కింటి గుమ్మం తొక్కేవాడు. "పళ్ళు చూపించమ్మా, చేతులు చూపించు" అనేవాడు. కుసుమ సిగ్గుపడుతూ చూపించేది. చిగుళ్ళు గులాబీరంగులో ఉండేవి. దసరా వచ్చింది, దీపావళి వెళ్ళింది. ఆ పిల్లకి ఏమీ కాలేదు. కాదు కూడా, లక్షల్లో ఒక్కరికే కదా.

అన్నపూర్ణ ఆ సంగతి ఊరంతా చెప్పింది. అక్కని తనే చంపేనని ఏడ్చేడు పాపం పిచ్చిమారాజు, ఆ మాత్రలేసుకున్న మా కోడలు చూడండి ఎంత సుబ్బరంగా ఉందో, అని.

డిస్పెన్సరీలో అతను పొట్లాలు ఇప్పుడు న్యూస్‌పేపరు ముక్కల్లో కడుతున్నాడు. కార్తీకంలో ఒక ఉదయం ఎవరో ముసలావిడ కిటికీ దగ్గరికి వచ్చి, కొంగుముడి విప్పి, నలిగిపోయిన తెల్లకాగితం ఒకటి సాపుచేసి చూపించింది. అన్నపూర్ణ దగ్గర అడిగి తెచ్చుకున్నానంది. మనవరాలికి జలుబట.

"ఇదిగో బాబూ, ఈ నల్లముద్ర ఉన్నవే ఇయ్యండి. ఏరేవి వద్దు."