గాజు గదిలో కేకలక్క

ఆవిడకు తల్లిదండ్రులు పెట్టిన పేరు ఒకటి ఉండే ఉంటుంది. స్టూడియోలో మాత్రం దానితో ఎవరికీ పని పడలేదు. యజమాని నుంచి వాచ్‌మన్ దాకా అందరికీ ఆవిడ కేకలక్క. పరాయి భాషల నుంచి వచ్చే థ్రిల్లర్ సినిమాల్లో ఆడవాళ్లు ఆపదలో పడితే, మన భాషలో వాళ్ల గొంతు ఈవిడదే. ఆ సినిమాలు మీరూ చూసే ఉంటారు. పాపం, కూరగాయలకని బయల్దేరిన ఇల్లాలు వంతెన పట్టుకుని వేలాడుతుంది. పిల్లలకు పాఠాలు చెప్పుకునే పంతులమ్మ వెనక ఎవడో కత్తి పట్టుకుని పడతాడు. హీరోలా, పోలీసులా? అబ్బే, మనలాంటి వాళ్లే. వాళ్లు పరిగెత్తినంతసేపూ కేకలక్క మైకు ముందు నిలబడి వగరుస్తుంది, మూలుగుతుంది, చివరికి గుక్క తిప్పుకోకుండా ఒక కేక పెడుతుంది. ఆ కేక కోసమే ఊళ్లో మిగతా గొంతులన్నీ వదిలేసి ఈవిడకు కబురు పంపుతారు.

ఇంట్లో మాత్రం గొంతెత్తదు. ఎత్తితే మర్నాడు పనికి గొంతుండదు మరి. మొగుడు పాల వ్యాను నడుపుతాడు. "మా ఆవిడ అరుపులన్నీ బయటే అయిపోతాయండీ, నా అంత అదృష్టవంతుడు లేడు" అని కనిపించిన వాళ్లందరి దగ్గరా గొప్పలు పోతాడు. అత్తగారు షుగరు మనిషి, పైగా ఆ సినిమాలంటే చెవి కోసుకుంటుంది. టీవీలో కోడలి గొంతు వినపడితే చాలు, "ఒసేయ్, అటెళ్లకే, వాడక్కడే దాక్కున్నాడు!" అని తెరకు జాగ్రత్తలు చెబుతుంది. ఆ కోడలు పక్కనే కూర్చుని బట్టలు మడత పెట్టుకుంటున్నా ఆవిడకు పట్టదు.

స్టూడియోలో సౌండ్ ఇంజినీరును కేకలక్క అన్నయ్యా అని పిలుస్తుంది. తోడబుట్టిన వాడు కాదు, అంతకంటే ఎక్కువే. కొత్తలో, చంటిపిల్లను తల్లి దగ్గర వదిలి పనికొచ్చిన మొదటి రోజు, ఆవిడ గొంతు పెగల్లేదు. ఈ పిల్లతో కాదు, ఇంకెవర్నైనా చూడండి అన్నారు అందరూ. ఆయన మాత్రం అద్దం అవతల నుంచి "ఇంకోటి తీసుకుందామమ్మా" అన్నాడు. సాయంత్రం దాకా అదే మాట అంటూనే ఉన్నాడు, ఒక్కసారి విసుక్కోలేదు. ఆ మాట మీదే ఆవిడ ఇల్లు నిలబడింది, పిల్ల చదువు నిలబడింది. ఆ సంగతి ఆవిడ ఏనాడూ మర్చిపోలేదు.

ఇక ఆవిడ కేకలు పెట్టే గది. గోడల నిండా మెత్తలు, రెండు పొరల అద్దం, జానెడు మందం తలుపు. లోపల ఏనుగు ఘీంకరించినా మైకులోంచి తప్ప బయటికి రాదు. తలుపుకు లోపలి వైపు పిడి ఊడి నెలలవుతోంది. యజమాని ఎప్పుడడిగినా "వచ్చే వారం" అనేవాడు. అన్నయ్య ఉన్నాడుగా, బయట్నుంచి తీస్తాడులే అని ఈవిడా ఊరుకుంది. ఇద్దరూ ఇద్దరే! అద్దం అవతల ఇంజినీరు గదిలో ఏసీ పాడైందని, వరండాలోకి ఉన్న దాని తలుపు బార్లా తెరిచి పెట్టేవాళ్లు. దాంతో స్పీకర్లలోంచి వచ్చే కేకలన్నీ వరండా దాటి, గేటు పక్క టీ వదిన కొట్టు దాకా వెళ్లేవి. అక్కడ జనం వాటిని వింటూ తాపీగా టీ తాగేవాళ్లు.

ఆ రోజు సినిమాలో, బట్టలుతకడానికి నేలమాళిగలోకి దిగిన ఒకావిడ దెబ్బ తగిలిన ముసలాయనతో సహా అక్కడే ఇరుక్కుపోతుంది. లోపలికి నీళ్లొచ్చేస్తుంటాయి. "నిజంగా చెప్తున్నా, నాటకం కాదు, ఇక్కడ మనిషి చచ్చిపోతున్నాడు! ఎవరైనా రండి!" ఇదీ ఆవిడ మాట. పొద్దుట్నుంచీ కేకలక్క దాన్ని రకరకాలుగా అరుస్తూనే ఉంది. సినిమా విడుదల ముంచుకొచ్చిందని యజమాని ఫోన్ మీద ఫోన్ చేసి తొందరపెడుతున్నాడు. ఇంజినీరుకూ షుగరే. ఇంజక్షన్ అయితే చేసుకున్నాడు గానీ అన్నం డబ్బా మూత తియ్యలేదు.

"అన్నయ్యా, తినేసి రా. నీళ్లు కాస్త ఆగుతాయిలే" అంది మైకులో.

"ఈ సీనొక్కటీ అయిపోనీ అమ్మా."

కాసేపటికి హెడ్‌ఫోన్లో ఆయన గొంతు ముద్దముద్దగా వచ్చింది. "ఇంకోటి... ఇంకో..." అద్దంలోంచి చూస్తే చొక్కా చెమటకు తడిసి ముద్దయింది. చూస్తుండగానే తల మెల్లగా వాలి మీటల బల్ల మీద ఆనింది. కేకలక్క పై ప్రాణాలు పైనే పోయాయి. ఈ వాలకం ఆవిడకు కొత్త కాదు. అత్తగారికి ఒకసారి ఇలాగే షుగరు పడిపోతే, ఇంకాస్త ఆలస్యమైతే దక్కేది కాదన్నారు డాక్టర్లు.

తలుపు మీద పడింది. తోసింది, గోళ్లతో పీకింది. పిడి లేని తలుపు ఎలా వస్తుంది? ఫోను చేద్దామంటే, మైకుకు గరగరమని అడ్డమొస్తుందని ఫోన్లు లోపలికి రానివ్వరు. ఆవిడ సంచీ అన్నయ్య వెనక మేకుకు వేలాడుతోంది. మిగిలింది మైకొక్కటే.

"బాబాయ్! అన్నయ్య పడిపోయాడు! రండి! ఎవరైనా రండి!"

తెరిచిన తలుపులోంచి వరండాలో స్టూలు మీద కూర్చున్న వాచ్‌మన్ బాబాయి కాలొక్కటే కనబడుతోంది. ఆ కాలు హాయిగా ఊగుతోంది.

"నిజంగా చెప్తున్నా! నాటకం కాదు! మనిషి చచ్చిపోతున్నాడు!"

కాలు ఊగుతూనే ఉంది. ఖర్మ చూడండి, నోట్లోంచి వచ్చింది అచ్చం సినిమాలో మాటే! నిజంగా ప్రాణం మీదికొస్తే మనిషి అనేది అదే మరి, కొత్తగా ఏమంటాడు? ఇంకా గట్టిగా అరిచింది, చేతులు ఆడించింది, అద్దం మీద బాదింది. ఈసారి బాబాయి తల లోపలికి పెట్టి తొంగి చూశాడు. ఆయనకు కనబడింది ఎత్తు కుర్చీ వీపూ, దాని అవతల అద్దంలో ఎప్పట్లాగే చేతులు తిప్పుతూ అరుస్తున్న కేకలక్కా. "ఇవాళ ఇరగదీస్తున్నావమ్మా!" అన్నట్టు ఒక సలాం కొట్టి, వెళ్లి మళ్లీ స్టూలెక్కాడు.

ఆవిడకు ఒళ్లు మండిపోయింది. కాగితాలు పెట్టుకునే ఇనప స్టాండు ఎత్తి అద్దం మీద వేసింది. మొదటి పొర భళ్లున రాలింది. రెండోది బీటలిచ్చింది గానీ పగల్లేదు. ముంజేయి తెగి రక్తం కారుతోంది. మళ్లీ వేసింది, మళ్లీ వేసింది. స్టాండు వంగిపోయింది, అద్దం అలాగే నిలబడింది. అవతల అన్నయ్య వేళ్లు బల్ల మీద సన్నగా కదిలాయి. ఉన్నాడు. ఇంకా ఉన్నాడు.

"నిన్ను పోనివ్వను అన్నయ్యా" అంది పళ్లు బిగించి.

అప్పుడు తట్టింది ఆవిడకు. నేను అరిచినంతసేపూ వీళ్లు రారు. ఇన్నేళ్లుగా నా కేకలకు రాకుండా ఉండటం వీళ్లకు నేర్పింది నేనే. ఆ మాట అనుకోగానే ఏడుపు ముంచుకొచ్చింది, కానీ ఏడిస్తే అది కూడా సినిమా ఏడుపే అనుకుంటారు. కళ్లు తుడుచుకుంది. ఊపిరి కూడదీసుకుంది. మైకు దగ్గరికి వచ్చి, కుళాయి దగ్గర కబుర్లాడే గొంతుతో మొదలెట్టింది.

"టీ వదినా, నువ్వు చేసేది టీ కాదు, గిన్నెలు కడిగిన నీళ్లు. ఉడికించిన పొడే ఎండబెట్టి మళ్లీ ఉడికిస్తావు. పాలలో నీళ్లు కాదు, నీళ్లలో పాలు కలుపుతావు. ఇన్నేళ్లూ మొహమాటానికి తాగి చచ్చాం. అక్కడున్న వాళ్లందరూ వినండి, ఆ గ్లాసులు పారబోసెయ్యండి."

బాబాయి కాలు టక్కున ఆగిపోయింది.

అంతే, వరండా అదిరింది. టీ వదిన చేతిలో గరిటెతో సుడిగాలిలా వచ్చేసింది, వెనకాలే టీ తాగుతున్న జనం. "ఏవే, ఎవరినే నువ్వనేది? నా టీ గురించి మైకులో చెప్తావా?" అంటూ గదిలోకి దూకి, కుర్చీ పక్కకు రాగానే గరిటె వదిలేసింది. "అయ్యయ్యో, ఇంజినీరు బాబూ!"

"ముందు తలుపు తియ్యి! బాబాయ్, అంబులెన్సుకు ఫోన్ చెయ్యి! ఎవరైనా చక్కెర తెండి!"

ఎవరో తలుపు తీశారు, ఎవరో పరిగెత్తి చక్కెర డబ్బా తెచ్చారు. టీ వదిన గ్లాసులో నీళ్లు కలపబోతే కేకలక్క చెయ్యి పట్టుకుంది. "పొయ్యకు, గొంతుకు అడ్డం పడుతుంది." ఆయన్ని పక్కకు తిప్పి పడుకోబెట్టి, తడి వేలికి చక్కెర అద్ది చెంప లోపల రాసింది. రాస్తూనే ఉంది. "అన్నయ్యా, ఇంకోటి తీసుకోవాలిగా, లే" అని చెవిలో చెబుతూనే ఉంది. అంబులెన్సు వచ్చే వేళకు ఆయన కళ్లు సగం తెరిచి, ఈవిడ చేతి రక్తం చూసి, "ఏమైందమ్మా నీకు?" అన్నాడు. ఏమనాలి ఈ మనిషిని!

ఆస్పత్రిలో ఆయన గండం గట్టెక్కిందని తెలిశాక, కేకలక్క తిన్నగా టీ కొట్టుకు వచ్చి వదిన చేతులు పట్టుకుంది. "తప్పయిపోయింది వదినా. నువ్వు రావాలని నోటికొచ్చింది అన్నాను."

"అది సరేలే. ఉడికించిన పొడి సంగతి నీకెవరు చెప్పారు?"

"ఎవరూ చెప్పలేదు."

"మరి ఎలా తెలిసిందే?" అని వదిన గొంతు తగ్గించి అటూ ఇటూ చూసింది.

తలుపుకు లోపల కొత్త పిడి పెట్టేదాకా ఆ గడప తొక్కనని కేకలక్క భీష్మించుకుంది. సినిమా ఆగిపోతుందని యజమాని బతిమాలాడు, కసురుకున్నాడు, ఇంకొకరిని పెట్టుకుంటానని బెదిరించాడు. "పెట్టుకోండి. ఆవిడక్కూడా తలుపు తెరుచుకోవాలి కదండీ" అంది. చివరికి పిడీ వచ్చింది, కొత్త అద్దమూ వచ్చింది, బాగా కోలుకుని అన్నయ్యా వచ్చాడు. ఈసారి ముందు అన్నం తిన్నాడు. ఆవిడ ఎదురుగా నిలబడి తినిపించింది.

తర్వాత మైకు ముందుకు వెళ్లి, గుండె నిండా ఊపిరి పీల్చి కేక పెట్టింది.

వరండాలో స్టూలు దబ్బున పడింది. బాబాయి, వెనక టీ వదిన, ఆ వెనక గ్లాసులు పట్టుకున్న జనం బిలబిలమంటూ లోపలికి వచ్చిపడ్డారు. "ఏమైంది? ఎవరికి ఏమైంది?" టేకు పాడైంది. సర్దిచెప్పి పంపారు. రెండో కేకకూ వచ్చారు. మూడో కేకకు యజమాని గుమ్మానికి అడ్డంగా నిలబడితే ఆయన్ని తోసుకుని మరీ వచ్చారు.

"ఏంటి బాబాయ్, సినిమాయే కదా! నన్ను పని చేసుకోనివ్వరా?" అని కసిరింది కేకలక్క.

"ఏమోనమ్మా, నిజమేమోనని" అన్నాడు బాబాయి ఆయాసపడుతూ. "ఇకమీదట మేము వస్తూనే ఉంటాం. నీ ఇష్టం."

ఆవిడ ఇంకేదో అనబోయింది. అద్దం అవతల ఒకరి భుజం మీంచి ఒకరు తొంగి చూస్తున్న ఆ ముఖాలన్నీ కంగారుగా తనవైపే చూస్తున్నాయి. అరచేతుల్లో ముఖం దాచుకుని, వెక్కి వెక్కి ఏడ్చేసింది. యజమాని నెత్తి కొట్టుకున్నాడు. ఇంజినీరు చెయ్యి చాపి మైకు కట్టేశాడు.