చివరి రీలు లేని చేతబడి సినిమా

నిన్న పొద్దున కుప్పం నుంచి వదిన ఫోన్. "మీ అన్న పోయినాడప్పా" అంది.

"యాడికి వదినా?" అన్నాను.

నిజంగానే అడిగాను. బుర్రకు ఎక్కలేదు.

హార్ట్ అటాక్ అంట.

నాగరాజన్న నాకు చుట్టమేమీ కాదు. కుప్పంలో గ్రానైట్ ఫ్యాక్టరీలో అకౌంట్స్ చూసేవాడు. మిగిలిన టైమంతా పాత చేతబడి సినిమాలే. ఎక్కడ పాత రీళ్లు ఉన్నాయని తెలిసినా పోయి బతిమాలి తెచ్చి, స్కాన్ చేయించి, హార్డ్ డిస్క్‌లో దాచేవాడు.

మదనపల్లెలో నేను, కుప్పంలో ఆయన. మమ్మల్ని కలిపింది దయ్యాలే!

ఒకసారి పుంగనూరులో, ఎప్పుడో మూతబడిన టాకీస్ వాళ్లింట్లో ఓ చేతబడి సినిమా ప్రింట్ ఉందంటే ఇద్దరం పోయాం. డబ్బాలన్నిటికీ పసుపు, కుంకుమ. మూత తీస్తే పులిసిన వాసన.

చివరి డబ్బాలో రీలు లేదు. ఎండిపోయిన నిమ్మకాయ ఉంది.

ఓనర్ కొడుకు చల్లగా చెప్పాడు. "దయ్యం బయటికొచ్చేది ఆ రీల్లోనే గదా. సినిమా సూసి ఒగామెకు జరమొచ్చింటే, మా నాయన దాన్ని ఎత్తుకపోయి చెరువులో ఏసేసినాడప్పా."

నాకు ఒళ్లు మండింది. దొరక్క దొరక్క దొరికిన ప్రింట్ అది.

అన్న మాత్రం కళ్లు ఇంతింత చేసుకుని, "ఎంత బాగా తీసింటే అంత బయపడింటారో సూడు!" అన్నాడు.

అప్పటి నుంచి ఒకటే పిచ్చి. ఆ క్లైమాక్స్ ఏంటో తెలియాలి.

ఆ సినిమా చూసిన పెద్దవాళ్లను వెతికి పట్టుకుని, చెప్పించి, ఫోన్‌లో రికార్డ్ చేసేవాడు. మంత్రగాడు చచ్చాడని ఒకరు. కాదు, వాడే హీరోయిన్ తండ్రి అని ఇంకొకరు. ఒకాయనైతే ఆ సీన్‌లో కళ్లు మూసుకునే ఉన్నానని ఒప్పేసుకున్నాడు. దాన్ని కూడా దాచాడు మహానుభావుడు!

మిగిలిన రీళ్లు స్కాన్ చేయించి, ఆ ఫైల్ చివర నల్ల స్క్రీన్ పెట్టి, ఆ గొంతులన్నీ వరసగా అతికించాడు. అసలు క్లైమాక్స్ మాత్రం ఆయనకు తెలియకుండానే పోయింది.

ఇవాళ పొద్దున, అన్న నాకు పంపిన ఆ ఫైల్ తెరిచాను.

నల్ల స్క్రీన్. పుంగనూరు అవ్వ ఎవరో కథ చెప్తోంది. మధ్యలో అన్న గొంతు, ఆగలేక:

"ఆ పైన ఏమైందవ్వా?"

ఆపేశాను. ఏడుపొచ్చేసింది.

పోయిరా అన్నా. ఆ పైన ఏమైందో ఈసారి నువ్వే చూసుకో.

నిమ్మళంగా ఉండు.