డెన్మార్క్ నటుడి చివరి పేరా

ఆ ఏడాది మా కాలేజీ పత్రికలో నా వ్యాసం చివరి పేరా మారిపోవడం ప్రెస్సువాళ్ళ పొరపాటని అందరూ అనుకున్నారు. కాదు. అది నేను చేయించిన పని. ఈ మాట ఇంతవరకూ ఎవరికీ చెప్పలేదు.

ఎనభైల చివర్లో బాపట్లలో హాస్టల్లో ఉండి డిగ్రీ చదువుతున్నాను. నలుగురిలో నోరు విప్పేదాన్ని కాదు. రేపల్లెలో మా చర్చి పాస్టరమ్మగారింట, ఎప్పుడో వెళ్ళిపోయిన డెన్మార్క్ దొరసాని వదిలేసిన పెట్టెలో ఒక ఇంగ్లీషు పుస్తకం దొరికింది. వాళ్ళ దేశపు మూగ సినిమాల గురించి. అందులో ఒక నటుడి గురించి చదివి డైరీలో పేజీలకు పేజీలు రాసుకున్నాను. అతను నాటకాల్లో బంటు వేషాలు వేసేవాడు. రోజు కూలీకి సినిమాల్లోకి వచ్చి, మేడల మీంచి దూకి, గుర్రాల మీంచి పడి, చివరికి కథానాయకుడయ్యాడు. మాటలు లేవు కాబట్టి మధ్యమధ్య తెర మీద చూపించే రాతను మార్చేస్తే చాలు, అతని సినిమా ఏ దేశంలోనైనా ఆడేది. రష్యావాళ్ళకు ఏడుపు ఇష్టమని, అక్కడికి పంపే కాపీలో అతన్ని చంపేసేవారు. అదే సినిమా మిగతా దేశాల్లో ఆడితే బతికేవాడు. మాటల సినిమాలు రాగానే పిలిచేవాళ్ళు లేకపోయారు. ప్రభుత్వం ఇచ్చిన లైసెన్సుతో చిన్న హాలు పెట్టుకుని, గుమ్మంలో నిలబడి తనే టిక్కెట్లు చించుతూ చాలాకాలం హాయిగా బతికాడు.

ఆ పేజీలనే వ్యాసంగా మార్చి ఇచ్చాను. పత్రిక చూసే తెలుగు సారు ఒక శుక్రవారం ప్రూఫు చూపించారు. చివర్లో నా నటుడు తాగుడికి బానిసై, దిక్కులేక వీధిలో చచ్చిపోయి ఉన్నాడు.

“అలా జరగలేదండి” అన్నాను.

“ఎవరు చూడొచ్చారమ్మా డెన్మార్క్ వెళ్ళి? సినిమావాడు టిక్కెట్లు చించుకుంటూ సుఖంగా ఉన్నాడంటే పిల్లలకి నీతి ఏముంటుంది?”

“కింద నా పేరుందండి.”

“అబ్బో, నీకూ నోరుందే! సోమవారం అచ్చుకెళ్తోంది. ఇంక కదపకు.”

మర్నాడు ఇంటికి బయల్దేరాను. తెనాలిలో దిగి రేపల్లె బండి ఎక్కాలి. పత్రిక అచ్చయ్యేది తెనాలిలోనే. రెండు బళ్ళకీ మధ్య గంటన్నర ఉంది. దారి అడుగుతూ ప్రెస్సుకి చేరేసరికి, నా పాత పేరా మళ్ళీ రాసి తెచ్చుకున్న కాగితం చెమటకి మెత్తబడిపోయింది.

లోపల ఒక పెద్దాయన కళ్ళద్దాలు ముక్కు మీదకి జార్చుకుని సీసపు అక్షరాలు పేరుస్తున్నారు.

“మా కాలేజీ పత్రికలో ఒక పేరా మార్చాలండి. సారు చెప్పారు.”

“చీటీ ఏదమ్మా?”

చీటీ లేదు. పారిపోవాలనిపించింది. పారిపోతే సోమవారానికి ఒక మనిషి నా పేరు మీద అన్యాయంగా చచ్చిపోతాడు.

“సారు చెప్పలేదండి. నేనే చెబుతున్నాను. రాసింది నేను. ఆయన అలా చావలేదు. మార్చకపోతే నా పేరు పీకేయండి.”

అంత గట్టిగా నేనెప్పుడూ మాట్లాడలేదు. ఆయన కాగితం తీసుకుని పైకి చదివారు.

“నీకు చుట్టమా ఏంటి ఈయన?”

“కాదండి.”

“మరెందుకీ గొడవ?”

“సారు రాసింది అబద్ధమండి.”

“ఇందాక నువ్వాడిందో?”

తల దించుకోలేదు. “అదీ అబద్ధమేనండి. అందుకే వెంటనే నిజం చెప్పాను.”

ఆయన నవ్వి, సారు పేరా ఊడదీసి, నాది పేర్చడం మొదలుపెట్టారు. మూడు లైన్లు తక్కువొస్తే ఆ ఖాళీలో పువ్వు బొమ్మ దిమ్మ పెట్టారు.

“సారు మిమ్మల్ని తిడతారేమోనండి” అన్నాను.

ఆ రోజు తరవాత ఆయన్ని మళ్ళీ చూడలేదు. పేర్చిన అక్షరాలు చెదరకుండా పేజీ చుట్టూ దారం బిగిస్తూ, తలెత్తకుండానే నాతో అన్నారు:

“అచ్చుతప్పు పడిందంటాలే. ఇన్నేళ్ళుగా సినిమావాళ్ళ కథలు పేరుస్తున్నాను, అందరూ తాగే చచ్చారు. ఒక్కణ్ణన్నా బతకనీ. నువ్వెళ్ళమ్మా, బండెళ్ళిపోద్ది.”