వదిన తీసేయని ఫైళ్ళు

మా వదిన పోయింది. ఆదివారం ఆరాధన జరుగుతుండగా విశాఖ ఆసుపత్రి నుంచి అన్నయ్య ఫోన్ చేసి, "అయిపోయిందే" అన్నాడు. నెలల తరబడి అనకాపల్లికీ విశాఖకీ మధ్య బస్సుల్లో తిరిగి తిరిగి మేం ఎంత అలిసిపోయామంటే, ఆ మాటకి వెంటనే ఏడుపు కూడా రాలేదు. చర్చి మెట్ల మీద అలా కూర్చుండిపోయాను. ఏడుపు తర్వాత వచ్చింది, ఇంకా వస్తూనే ఉంది.

బెల్లం మార్కెట్‌కి వెళ్ళే దారిలో అన్నయ్యకీ వదినకీ చిన్న ఇంటర్నెట్ షాపు ఉంది. ప్రింట్లు కూడా తీస్తారు. కాపురం చెడి నేను పుట్టింటికి వచ్చేసినప్పుడు చుట్టాలందరూ సలహాలిచ్చారు. వదిన మాత్రం తన పక్కన కుర్చీ వేసి, "కూకో అమ్మాయ్, టైపింగ్ నేర్పుతాను" అంది. ఇవాళ నేను తింటున్న అన్నం ఆ కుర్చీ పుణ్యమే.

షాపులో వదినకి ఒక పట్టుదల ఉండేది. కంప్యూటర్లోంచి ఏదైనా ప్రోగ్రాం తీసేస్తుంటే మధ్యలో అది ఆగి అడుగుతుంది, ఈ ఫైలుని ఇంకెవరూ వాడుతున్నట్టు లేదు, దీన్ని కూడా తీసేయమంటారా అని. వాటిని డీఎల్ఎల్ ఫైళ్ళంటారు. ఒక ప్రోగ్రాంతో వచ్చినదాన్ని మరికొన్ని ప్రోగ్రాములు కూడా వాడుకుంటాయి. మా అన్నయ్య తొందర మనిషి. డిస్కు ఖాళీ అవుతుందని అన్నిటికీ ఎస్ కొట్టేసేవాడు. మర్నాడు ఎవరో పరవాడ మందుల కంపెనీలో ఇంటర్వ్యూకని లెటరు ప్రింటు తీయించుకోవడానికి వస్తే, ఆ పీడీఎఫ్ తెరుచుకోదు. ఫలానా ఫైలు కనబడలేదని స్క్రీన్ మీద ఒక పెట్టె వచ్చి కూర్చుంటుంది. బస్సు వెళ్ళిపోతుందని ఆ వచ్చినవాళ్ళు మా మీద కేకలేస్తారు.

"వాడుతున్నట్టు లేదు అంటాది గానీ, వాడట్లేదని సెప్పదు సూడండి. దానికే నమ్మకం లేదు, మనకేటి తెలుసు? ఉండనీండి" అనేది వదిన అన్నయ్యతో.

అలాంటి ఫైళ్ళని విడిగా ఒక ఫ్లాపీలో కూడా దాచేది. ఎదురుగా ఫోటో స్టూడియో నడిపే భాయ్ మాకు పోటీగా ప్రింట్లు తీసేవాడు. ఆయన మిషన్ మొరాయించినప్పుడల్లా "చెల్లెమ్మా, ఆ ఫైలుందా?" అంటూ మా దగ్గరికే వచ్చేవాడు. వదిన ఫ్లాపీ తీసి చేతిలో పెట్టేది. అన్నయ్య మూతి ముడుచుకుంటే, "ఆయన కాడికి వచ్చినోళ్ళకి మాత్రం కాయితం అవసరం లేదేటండీ?" అనేది.

పోయిన వానాకాలం వదినకి స్కానింగ్ చేశారు. రిపోర్టు సీడీలో ఇచ్చారు. దాన్ని తెరిచి చూపించే ప్రోగ్రాం కూడా ఆ సీడీలోనే ఉంది. వచ్చేవారం చూస్తానన్నారు డాక్టరు. వదిన ఆగలేకపోయింది, షాపులోనే తెరిచి చూస్తానని చెప్పి అన్నయ్యని కేరేజీ తేవడానికి ఇంటికి పంపి, సీడీ పెట్టింది. ఒక ఫైలు కనబడలేదని అదే పెట్టె వచ్చింది. ముందు రోజే అన్నయ్య పాత ప్రోగ్రాములు తీసేసి మిషన్ శుభ్రం చేశాడు.

అన్నయ్య ఇలా తీసేసినందుకు నాకు కోపం రాకపోవడం అదే మొదటిసారి. ఆ పెట్టె అలాగే ఉండిపోతే బాగుణ్ణు, రిపోర్టు చూడనంత కాలం వదినకి ఏమీ లేనట్టే కదా అనిపించింది.

"వదిలెయ్ వదినా, డాక్టరుగారు సూత్తారు కదా" అన్నాను.

"ఊరందరి కాయితాలూ తెరిసేను. నాది నేను తెరుసుకోలేనా?"

ఫ్లాపీ ఏమో కిందటిసారి పట్టుకెళ్ళిన భాయ్ దగ్గరే ఉండిపోయింది. వదిన రోడ్డు దాటి వెళ్ళి తెచ్చుకుంది. ఆ ఫైలు కాపీ చేసింది. రిపోర్టు తెరుచుకుంది.

తెల్లటి పేజీ. వదిన కిందదాకా చదివి, మళ్ళీ పైకి వెళ్ళి తన పేరు చూసుకుంది. వయసు చూసుకుంది. వేరేవాళ్ళ రిపోర్టేమో అన్న ఆశ అనుకుంటాను. తర్వాత నా చెయ్యి పట్టుకుంది. ఎంతసేపటికీ వదల్లేదు.

ఇంతలో వీధిలో అన్నయ్య స్కూటర్ ఆగింది. వదిన గబుక్కున నా చెయ్యి వదిలి, మానిటర్‌ని గోడవైపు తిప్పేసింది. అన్నయ్య కేరేజీతో లోపలికొచ్చాడు.

"ఏటి, ఓపెనయ్యిందా?"

"ఇంకా అవలేదండి."

"మళ్ళీ నేనే ఏదో తీసేసేనేటి?" అన్నాడు, పాపం, బిక్కమొహం వేసుకుని.

"పర్లేదండి. ముందు అన్నం తినండి" అంది వదిన.

కేరేజీ విప్పి తనే వడ్డించింది. చేప ముక్కలో ముళ్ళు తీసి పక్కన పెట్టింది. అన్నయ్య ఏవో షాపు కబుర్లు చెబుతూ కడుపునిండా తిన్నాడు. ఆయన వీపు వెనక, గోడ మీద, ఆ పేజీ తెల్లటి వెలుగు పడుతూనే ఉంది.