గుడ్డ అవతలి నవ్వు

మా చిన్నమ్మ కాపురం సినిమా బొమ్మ వల్ల చెడిందని మావాళ్ళంతా ఇప్పటికీ చెబుతారు. ఆడది ఆ డేరాకు పోకుండా ఉంటే అంతా సవ్యంగా ఉండేదట. నేను ఒప్పుకోను. ఆ రోజు ఆమె పక్కన కూర్చున్నది నేను, వాళ్ళు కాదు.

యుద్ధం రోజులు. చిత్తూరు శివార్లలో సినిమా డేరా వేసినాయనకు కొత్త బొమ్మలు దొరక్క, ఎప్పటిదో మూకీ ఒకటి బయటికి తీశాడు. తెర పక్కన ఒక మనిషి నిలబడి కథ చెప్పేవాడు. మగవాళ్ళు ఒకవైపు, ఆడవాళ్ళు ఒకవైపు, నడుమ గుడ్డ అడ్డం. మా చిన్నాయన ఆ గుడ్డకు అవతల.

కథ కొత్తదేమీ కాదు. మొగుడికి అనుమానం. పెళ్ళాం కిటికీ తెరిస్తే ఎవరికోసమని తొంగిచూస్తాడు. చివరికి ఆమెను వెళ్ళగొట్టి, తానూ కుళ్ళి కృశించిపోతాడు. అతగాడు ఆమె పెట్టె తెరిచి చీరలు ఒక్కొక్కటే దులుపుతుంటే కథ చెప్పేవాడన్నాడు:

"సూడండమ్మా, చీర మడతలో మగోడు దాక్కోనుండాడంట."

ఆడవాళ్ళంతా నవ్వారు. నేనూ నవ్వాను. చిన్నమ్మ కాస్త గట్టిగానే నవ్వింది. ఆమె పెట్టె తాళంచెవి మా చిన్నాయన మొలతాడుకే వేలాడేది మరి.

ఆట వదిలాక ఆయన కండువాతో కళ్ళు తుడుచుకుంటూ వచ్చాడు. పాపం ఆ ఇల్లాలు, అనుమానం పెనుభూతమని ఊరికే అన్నారా అంటూ దారిపొడుగునా మాకు బోధించాడు. గడప దాటగానే అడిగాడు:

"మే, ఆ కత చెప్పేటోని మాటకి నవ్వింది నువ్వే గదా?"

"అందురూ నవ్వినారు."

"నీ నవ్వు నాకు తెల్దా?"

మర్నాడే ఆమెను పలమనేరు బస్సెక్కించాడు, నాలుగు రోజులు పుట్టింట్లో ఉండి రమ్మని. తీసుకురావడానికి మాత్రం ఎన్నడూ పోలేదు. ఆమె అన్నగారింట్లో పాలు పితుకుతూ ముసలిదైపోయింది. నేనూ నవ్వానని ఆయన్ను కన్న మా అవ్వకు చెబితే, నీకింకా మొగుడు రాలేదు, నవ్వుకో అంది.

డేరా మళ్ళీ వచ్చినప్పుడు చిన్నాయన అదే బొమ్మకు పోయి, అదే చోట ఏడ్చి వచ్చాడు. మెత్తని మనసని ఊళ్ళో పేరు కూడా తెచ్చుకున్నాడు. తప్పు బొమ్మదే అయితే, అది చూసిన మగవాళ్ళందరూ పెళ్ళాలను పంపించేసి ఉండాలి. పలమనేరుకు అన్ని బస్సులు యాడుండాయి?

నాకు తెగనిది ఒకటే. మా ఇంట్లో కాపురమున్నన్నాళ్ళూ, ఆ డేరాలో తప్ప, చిన్నమ్మ నవ్వగా నేను వినలేదు. అంతమంది ఆడవాళ్ళలో, గుడ్డ అవతలి నుంచి, ఆమె నవ్వును ఆయన ఎట్లా గుర్తుపట్టాడు?